ఐదో తలుపు వెనక రాత

ఆ ఆసుపత్రిలో ఆవిడ అసలు పేరు ఎవరికీ గుర్తులేదు. డాక్టర్లు, నర్సులు, లిఫ్టు నడిపేవాడు, ఆఖరికి క్యాంటీన్‌లో గిన్నెలు తోమే మనిషి కూడా ఫినాయిలక్క అనే పిలిచేవాళ్ళు. ఆవిడ వరండా మలుపు తిరక్కముందే ఆవిడ వాసన తిరిగేది మరి. ఆవిడ కూడా ఎన్నడూ తప్పుపట్టలేదు. "పన్నీటక్క అని పిలిస్తే మాత్రం బకెట్ బరువు తగ్గుతుందా?" అని నవ్వేసేది.

కింది అంతస్తులో రక్తపరీక్షల గది పక్కన ఉన్న ఆడవాళ్ళ మరుగుదొడ్లు ఆవిడ రాజ్యం. మొత్తం ఐదు తలుపులు. గోడలకి నున్నటి టైల్స్ అతికించారు కాబట్టి వాటి మీద పెన్ను నిలవదు. అందుకని జనం తలుపుల లోపలివైపు రాసేవాళ్ళు. ఆసుపత్రికి వచ్చిన ఆడమనిషికి ఏడుపొస్తే ఎక్కడ ఏడుస్తుంది? వార్డులో మంచం మీద మనిషి చూస్తుంటాడు, వరండాలో చుట్టాలు చూస్తుంటారు. గడియ పెట్టుకుంటే ఐదు నిమిషాల పాటు ఎవరూ ఏమిటని అడగని చోటు అదొక్కటే. అక్కడ కూర్చుని చేతికి ఏది దొరికితే దాంతో రాసేవాళ్ళు. బాల్‌పెన్ను రాత స్పిరిట్‌కి పోతుంది. లిప్‌స్టిక్‌కి సబ్బునీళ్ళు చాలు. స్కెచ్ పెన్ను మొండిది, దానికి పెయింటర్లు వాడే థిన్నర్ కావాలి. పిన్నీసుతో గీకిన వాటికి మాత్రం మందు లేదు, వాటి మీద రంగు పూయాల్సిందే.

ఇన్ని తెలిసిన ఫినాయిలక్కకి అక్షరం ముక్క రాదు. హాజరు పుస్తకంలో వేలిముద్రే. బొమ్మని బట్టి, వరసని బట్టి ఏదో ఊహించుకునేది. గుండె బొమ్మ ఉంటే ప్రేమ వ్యవహారం. పది అంకెలు వరసగా ఉంటే ఫోన్ నంబరు. పెద్ద పెద్ద అక్షరాలు లోతుగా దిగితే ఎవరినో తిట్టిన తిట్లు. చీమల బారులా చిన్నగా ఉంటే మొక్కు. అవతలి బ్లాకులో మగవాళ్ళ దొడ్లు కడిగే ముసలాయన ఆవిడని చూసి కుళ్ళుకునేవాడు. "నీది జాతకం అక్కా. నాకు నాలుగు ముక్కలు చదువొచ్చి చచ్చాను. పొద్దున్నే ఆ బూతులన్నీ చదివాక నోట్లోకి ముద్ద దిగదు."

చదువు రాకపోవడం ఈ ఒక్క పనికి కలిసొచ్చిందని ఆవిడ కూడా అనుకునేది.

అలాంటి ఆవిడ కూతుర్ని నర్సుని చేసింది. భర్త పోయాక పన్నెండేళ్ళు ఒంటిచేత్తో ఈడ్చుకొచ్చింది. ఆ పిల్ల పుట్టినప్పుడు అరచేతిలో పట్టేంత ఉందని పిచ్చుక అని పిలవడం మొదలుపెట్టారు, ఇరవై నాలుగేళ్ళొచ్చినా అదే నిలిచిపోయింది. అదే ఆసుపత్రిలో నాలుగో అంతస్తులో ఉద్యోగం వచ్చింది. చేరే ముందు రోజు తల్లి గట్టిగా చెప్పింది. "చూడు, పైన నువ్వు నర్సమ్మవి. కింద నేను బకెట్‌దాన్ని. అందరి ముందూ నన్ను పలకరించకు. నీకు చిన్నతనం."

పిచ్చుక తలూపింది. మర్నాడు మధ్యాహ్నం తెల్ల యూనిఫారంలో తిన్నగా కిందకి దిగొచ్చి, రక్తపరీక్షల దగ్గర నిలబడ్డ యాభై మంది వినేట్టు, "అమ్మా, నా డబ్బాలో పచ్చడి పెట్టడం మర్చిపోయావు!" అని అరిచింది. ఆ రోజు ఫినాయిలక్క ఐదు తలుపులూ రెండేసి సార్లు కడిగింది. ఎందుకు కడుగుతోందో తనకే తెలియదు.

అలాంటి పిల్ల మూడు వారాలుగా మాట్లాడటం మానేసింది. అన్నం కలుపుతుంది, కలుపుతూనే ఉంటుంది, చివరికి చెయ్యి కడిగేసుకుంటుంది. ఇంటికొచ్చిన దగ్గర్నుంచి కుళాయి కిందే ఉంటుంది. సబ్బుతో రుద్ది రుద్ది వేళ్ళ సందులు ఎర్రగా పుండ్లు పడ్డాయి.

"ఎవరైనా అబ్బాయా?" అని అడిగింది తల్లి.

"కాదమ్మా."

"పైవాళ్ళు ఏమన్నా అన్నారా?"

"లేదమ్మా."

"మరి ఏమిటే? నా ప్రాణం తీయకుండా చెప్పు."

"నిద్ర చాలట్లేదంతే" అని అటు తిరిగి పడుకునేది. కళ్ళు తెరిచే ఉండేవి.

సరిగ్గా ఆ మూడు వారాల నుంచే ఐదో తలుపు ఫినాయిలక్కని వేధించడం మొదలుపెట్టింది. తలుపు లోపలివైపు, కూర్చున్న మనిషి కళ్ళకి ఎదురుగా, నీలం బాల్‌పెన్నుతో నాలుగైదు వరసలు. ఆవిడ పొద్దున ఆరింటికి వచ్చి స్పిరిట్ గుడ్డతో తుడిచేసేది. సాయంత్రం ఆవిడ పని దిగిపోయాక మళ్ళీ పడేవి. అవే వరసలు, అదే చోటు. గాలికి ఎదురు నడిచే మనుషుల్లా అక్షరాలన్నీ ఒకపక్కకి వాలి ఉండేవి. ఆ కింద రకరకాల రంగుల్లో ఇంకెవరెవరో కూడా రాయడం మొదలుపెట్టారు. శుభ్రం పనుల మీద అజమాయిషీ చేసే సూపర్‌వైజరు ఒకరోజు తలుపు తీసి చూపించి మరీ అరిచాడు. "ఇదేమైనా నోటీసు బోర్డా? కళ్ళు కనపడట్లేదా నీకు?"

"కళ్ళు కనపడుతున్నాయి బాబూ, రాసేది ఎవత్తో అది కనపడట్లేదు" అంది ఆవిడ. ఆ ఎవత్తెని లోలోపల నానా శాపనార్థాలూ పెట్టింది. పనీపాటా లేని ముండ, పెన్నులో సిరా ఎండిపోతే బాగుండు అని తిట్టుకుంటూ రుద్దింది. మూడు వారాల పాటు రోజూ రుద్దింది.

ఆ రోజుల్లోనే మరుగుదొడ్ల ఎదురుగా ఉన్న బల్ల మీద ఒకాయన పొద్దున్నుంచీ కూర్చుని ఉండేవాడు. కిటికీలకి అద్దాలు బిగించే పని ఆయనది. వేళ్ళ నిండా పాత కోతల గీతలు. ఆయన భార్య కడుపునొప్పని తన కాళ్ళ మీద తను నడిచొచ్చి నాలుగో అంతస్తులో పదకొండో మంచం మీద చేరింది. రెండో రోజు మధ్యాహ్నానికి గుండె ఆగిపోయిందన్నారు. నలభై ఏళ్ళ మనిషికి, ఏ జబ్బూ లేని మనిషికి గుండె ఎలా ఆగిందో కాగితాలు చూపించమని ఆయన రోజూ వచ్చి అడిగేవాడు. రేపు రమ్మనేవాళ్ళు. వచ్చేవాడు. ఫినాయిలక్క ఆ బల్ల కింద తుడిచేటప్పుడు ఆయన కాళ్ళు పైకెత్తి పెట్టుకునేవాడు, చిన్నపిల్లాడిలా. పాపం అనుకునేది. అంతే.

ఒక బుధవారం పొద్దున్న మొదటి అంతస్తులో పైపు పగిలి నీళ్ళు వరదలా పారాయి. అవి ఎత్తిపోసి ఆవిడ తన తలుపుల దగ్గరికి వచ్చేసరికి పది దాటింది. నాలుగు తలుపులు అయ్యాయి. ఐదో తలుపు తోసి, గుడ్డ మీద స్పిరిట్ ఒంపుకుని చెయ్యెత్తింది.

"ఆగమ్మా. తుడవకు" అని వెనక నుంచి ఎవరో అన్నారు.

చూస్తే రిటైరైన టీచరమ్మ. చెల్లెలికి ఆపరేషన్ అయిందని పది రోజులుగా ఆసుపత్రిలోనే ఉంటోంది. ఇందాక ఈ గదిలోంచి బయటికి వచ్చి, వెళ్ళిపోకుండా చేతులు కడుక్కునే తొట్టి దగ్గర నిలబడి ఉంది. మొహం పాలిపోయి ఉంది.

"పక్కకి జరగండమ్మా, చీర మీద పడితే మరక పోదు" అంది ఫినాయిలక్క.

"రోజూ ఇక్కడ తుడిచేది నువ్వేనా?"

"నేనే. ఏం, వాసనొస్తోందా?"

"నువ్వొక్కదానివేనా? ఇంకెవరైనా ఉన్నారా?"

"నేనొక్కదాన్నే. ఎనిమిదేళ్ళ నుంచీ."

టీచరమ్మ దగ్గరికి వచ్చి ఆవిడ చేతిలో గుడ్డ తీసుకుని తొట్టి అంచున పెట్టింది. "నీకు చదువొచ్చా?"

"రాదమ్మా."

"కూతురుందా?"

"ఉంది. ఇక్కడే. నర్సు."

టీచరమ్మ తలుపు ముందు వంగి, బళ్ళో పాఠం చదివినట్టు కాకుండా, చాలా మెల్లగా చదివింది.

"'పదకొండో మంచం ఆవిడది గుండెపోటు కాదు. నేనే చేశాను. రెండు సీసాలూ ఒకేలా ఉంటాయి. నేను చూసుకోలేదు. చెప్పబోతే పెద్ద సిస్టరు నోరు మూసుకోమంది. ఎవరికీ చెప్పుకోలేక ఇక్కడ రాస్తున్నాను.' ఇది నీలం సిరా. దీని కింద ఎర్ర సిరాతో ఎవరో, 'మనిషిని చంపి ఇక్కడ కూర్చుని ఏడుస్తున్నావా, నీ చేతులు పడిపోను' అని రాశారు. దాని కింద పెన్సిల్‌తో, 'అమ్మాయ్, ఎవరికైనా చెప్పు. మనిషికి చెప్పు, తలుపుకి కాదు' అని ఉంది. ఇదిగో, కనుబొమల పెన్సిల్‌లా ఉంది, 'నాకూ ఇలాంటిది ఒకటుంది. పద్నాలుగేళ్ళయింది. ఇంతవరకు చెప్పలేదు. నువ్వు నాలా అవ్వకు' అని."

"ఎవరమ్మా ఆ పిల్ల?" అంది ఫినాయిలక్క.

"కింద మళ్ళీ నీలం సిరా ఉంది. ఈ పొద్దున రాసినట్టుంది, ఇంకా చెయ్యి తగిలితే అంటుతోంది." టీచరమ్మ ఆగి, ఆవిడ మణికట్టు పట్టుకుంది. "'రోజూ పొద్దున్నే దీన్ని మా అమ్మ తుడిచేస్తుంది. మా అమ్మకి చదువు రాదు. రాకపోయినా ఆవిడ చెయ్యి దీని మీదుగా పోతే నాకు కాస్త ఊపిరాడుతుంది. అమ్మా, రేపట్నుంచి నీకు ఇక్కడ తుడిచే పని ఉండదు. నన్ను క్షమించు.'"

ఫినాయిలక్క ఆ అక్షరాల వంక చూసింది. ఒకపక్కకి వాలిపోయిన అక్షరాలు. ఒకటో తరగతిలో పంతులు పలక చూపించి, "నీ కూతురి రాత పడిపోతోందమ్మా, నిలబెట్టించు" అన్నాడు. ఇంట్లో గోడ మీద, పుస్తకాల అట్టల మీద, పరీక్ష అట్టల మీద ఇరవై ఏళ్ళుగా చూస్తున్న వాలు అది. చదువు రాకపోతే రాకపోయింది, కన్నపిల్ల నడక పోల్చుకోలేకపోయిందా? మూడు వారాలు ఆ నోటిని ఈ చేత్తో మూసిందా?

బకెట్‌కి కాలు తగిలి నీళ్ళు వరండాలోకి పారాయి. ఆవిడ అప్పటికే మెట్ల దగ్గర ఉంది.

లిఫ్టులో స్ట్రెచర్ ఉంది. ఆవిడ దానికోసం ఆగలేదు. నాలుగు అంతస్తులూ తడి చెప్పులతో ఎక్కింది. నర్సుల బల్ల దగ్గర ఉన్న అమ్మాయి, "హాజరు వేసింది అక్కా. గంట నుంచీ కనపడలేదు" అంది. పెద్ద సిస్టరు కళ్ళజోడు పైనుంచి చూసింది. "నీ కూతురు ఈమధ్య ఒళ్ళు దగ్గర పెట్టుకోవట్లేదు. కాస్త భయం చెప్పు."

ఇంకో రోజైతే ఫినాయిలక్క చేతులు కట్టుకుని "అలాగేనమ్మా" అనేది. ఆ రోజు ఆవిడ వార్డు మధ్యలో నిలబడి, రోగులందరూ ఉలిక్కిపడేలా, "పిచ్చుకా!" అని పొలికేక పెట్టింది. ఎవరూ పలకలేదు.

డాబా మీదకి పరిగెత్తింది. తలుపుకి తాళం వేసి ఉంది. ఆ తాళం పట్టుకుని రెండు సార్లు గుంజి చూసి, దాన్నే ముద్దు పెట్టుకుని కిందకి దిగింది. తర్వాత ఒక్కో అంతస్తూ వెతికింది. మరుగుదొడ్లలో మూసి ఉన్న ప్రతి తలుపూ బాదింది. "లోపలెవరు? పిచ్చుకా, నువ్వేనా? పలకవే తల్లీ!" లోపల్నుంచి ఎవరో దగ్గేవాళ్ళు, ఎవరో విసుక్కునేవాళ్ళు. ఒకావిడ గడియ తీసి, తిట్టబోయి, ఈవిడ మొహం చూసి, "ఏమైందమ్మా?" అని తనూ వెంట వచ్చింది. ఇద్దరూ కలిసి తలుపులు బాదారు.

రెండో అంతస్తులో లాండ్రీకి పంపే దుప్పట్లు మూటగట్టి పడేసే గది ఒకటుంది. దాని తలుపు లోపల్నుంచి ఏదో అడ్డం పెట్టినట్టు సగమే తెరుచుకుంది. ఫినాయిలక్క భుజంతో తోసింది. మూటల మధ్య గోడకి ఆనుకుని, కాళ్ళు ముడుచుకుని కూర్చుని ఉంది పిచ్చుక. కుడి చెయ్యి పిడికిలి బిగించి ఉంది.

తల్లి దూకినంత పని చేసి ఆ పిడికిలి పట్టుకుంది. పిల్ల గట్టిగా బిగించింది. తల్లి ఒక్కో వేలూ విరిచినట్టు విప్పి, అందులో ఉన్నదాన్ని చూడకుండానే వెనక నిలబడ్డ ఆవిడ చేతిలో పెట్టి, "అవతల పారెయ్యండి తల్లీ, కాలవలో పారెయ్యండి" అంది. ఆవిడ పరుగున వెళ్ళింది. అప్పుడు ఫినాయిలక్క కూతురి చెంప మీద ఒకటి కొట్టింది. కొట్టి, ఆ చెంపనే తన మొహానికి అదుముకుంది.

"చదివించుకున్నానే" అంది ఏడుస్తూ. "ఇప్పుడే చదివించుకున్నాను."

పిచ్చుక నోట మాటలు ముక్కలు ముక్కలుగా వచ్చాయి. ఆ రోజు ఇద్దరు నర్సులు రాలేదు. పొద్దున డ్యూటీ చేసినదాన్నే మధ్యాహ్నం కూడా ఉండమన్నారు, అంతకు ముందు రోజు కూడా అలాగే ఉంది. సెలైనుతో కడగాల్సిన సూది గొట్టంలోకి, బాటిల్లో కలిపి బొట్టు బొట్టుగా ఎక్కించాల్సిన మందుని నేరుగా నొక్కేసింది. రెండు సీసాలకీ మూత రంగొక్కటే తేడా. నిమిషంలో పదకొండో మంచం ఆవిడ కళ్ళు తేలేసింది.

"నేను చెప్తానన్నాను అమ్మా. అక్కడికక్కడే చెప్తానన్నాను. పెద్ద సిస్టరు, డాక్టరు ఇద్దరూ గదిలోకి తీసుకెళ్ళి, నువ్వు జైలుకి పోతావు, మీ అమ్మని గెంటేస్తారు, పోయినావిడ ఎలాగూ రాదు అన్నారు. గుండెపోటని వాళ్ళే కాగితం రాసుకున్నారు."

ఫినాయిలక్క కొంగుతో మొహం తుడుచుకుంది. ఆ పైన అన్న మాట తలుచుకుని ఆవిడ తర్వాత ఎన్నో రోజులు సిగ్గుపడింది. కానీ అప్పుడు అన్నది అదే.

"అయితే సరే. ఎవరికీ తెలియదు కదా. రాసింది కూడా తుడిచేస్తాను, ఇప్పుడే వెళ్ళి తుడిచేస్తాను. ఆ టీచరమ్మ కాళ్ళు పట్టుకుంటాను. మనం ఇంకెక్కడికైనా పోదాం. నేను అంట్లు తోమి పోషిస్తాను నిన్ను. నాకున్నది నువ్వొక్కదానివే."

"ఆయనకీ ఆవిడొక్కతేనమ్మా" అంది పిచ్చుక. "రోజూ ఆ బల్ల మీద కూర్చుంటున్నాడు. నేను లిఫ్టు దిగితే నాకు దణ్ణం పెడుతున్నాడు, మా ఆవిడని బాగా చూసుకున్నారు సిస్టర్ అని. నావల్ల కాదు. దాచడం నావల్ల కాదు, చెప్పడం నావల్ల కాదు. ఇంక మిగిలింది ఒక్కటే."

తల్లి కూతురి మొహంలోకి చూసింది. ఈ పూట ఈ గది దొరికింది. రేపు ఏ గదిలో వెతకాలి? ఎన్ని తలుపులు బాదాలి? బతికినన్నాళ్ళూ మూసిన తలుపు కనపడితే చాలు, చెవి ఆనించి వినాలా? జైలుకి తలుపున్నా, అవతల మనిషి ఉందని తెలుస్తుంది.

"లే" అంది.

"ఎక్కడికి?"

"కిందకి. ఆయన బల్ల మీదే ఉన్నాడు. నేను పక్కనే ఉంటాను. పద, కాళ్ళు తిమ్మిరెక్కాయా? నన్ను పట్టుకో."

ఇద్దరూ ఒకర్నొకరు ఆనుకుని మెట్లు దిగారు. ఎవరు ఎవర్ని పట్టుకున్నారో చెప్పడం కష్టం. కింద టీచరమ్మ ఐదో తలుపుకి అడ్డంగా కుర్చీ వేసుకుని కూర్చుంది. ఎవరు వచ్చినా, "ఇది పనిచేయట్లేదు" అని పంపేస్తోంది. అప్పటికే తన ఫోన్‌లో ఆ రాతలన్నీ ఫొటో తీసి పెట్టుకుంది. వీళ్ళని చూడగానే లేచి వెనకే వచ్చింది.

అద్దాలాయన అలవాటుగా చేతులు జోడించబోయాడు.

"దణ్ణం పెట్టకండి" అంది పిచ్చుక. "మీ ఆవిడకి గుండెపోటు రాలేదు. నేను మందు మార్చి ఇచ్చాను. పొరపాటున ఇచ్చాను. దానివల్లే పోయారు. నేనే."

ఆయనకి వెంటనే అర్థం కాలేదు. "ఏ మందు?" అన్నాడు. ఆ పిల్ల మళ్ళీ మొదట్నుంచీ చెప్పింది. రెండోసారి చెబుతుండగా ఆయన లేచి నిలబడ్డాడు. చెయ్యి పైకి లేచింది. ఫినాయిలక్క మధ్యలోకి వచ్చి, "నన్ను కొట్టు బాబూ. దాన్ని కన్నదాన్ని నేను" అంది. ఆ చెయ్యి చాలాసేపు గాలిలోనే ఉంది. తర్వాత ఆయన దాన్ని తన నెత్తి మీద పెట్టుకుని బల్ల మీద కూలబడ్డాడు.

"పొద్దున్నే నొప్పంది" అన్నాడు ఎవరితోనో చెబుతున్నట్టు. "అప్పుడే తీసుకెళ్ళమంది. ఒక షాపు వాళ్ళకి అద్దం బిగించాలి, సాయంత్రం దాకా ఓర్చుకో అన్నాను. ఆలస్యం చేసి నేనే చంపుకున్నాను అనుకున్నాను. ఈ మూడు వారాలూ..." ఆయన వీపు ఎగిరెగిరి పడింది. ఆ ఏడుపు చూసి రక్తపరీక్షల వరసలో ఉన్న జనం అటు తిరిగి నిలబడ్డారు.

కాసేపటికి తలెత్తి పిచ్చుకని చూశాడు. "నిన్ను వదలను" అన్నాడు. "నువ్వు చెప్పావు కదా అని వదలను."

"వదలొద్దు" అంది పిచ్చుక.

ఆ సాయంత్రానికే ఆసుపత్రివాళ్ళు ఐదో తలుపు పీకించి కొత్తది పెట్టించారు. అలాంటి రాతలేవీ లేవన్నారు. కానీ టీచరమ్మ ఫోన్‌లో ఫొటోలున్నాయి, పిచ్చుక తన చేత్తో రాసిచ్చిన నాలుగు పేజీల వాంగ్మూలం ఉంది. తల్లీకూతుళ్ళిద్దర్నీ మర్నాడే పనిలోంచి తీసేశారు. పోలీసులు వచ్చారు. విచారణ పదకొండు నెలలు సాగింది. పెద్ద సిస్టరు మొదట్లో ఈ పిల్లకి మతి చలించిందని చెప్పింది, తర్వాత డాక్టరు పేరు చెప్పింది, డాక్టరు ఆవిడ పేరు చెప్పాడు. కాగితం మార్చినందుకు ఇద్దరి ఉద్యోగాలూ పోయాయి. పిచ్చుక ఐదేళ్ళ పాటు నర్సు పని చేయకూడదన్నారు. కోర్టులో కేసు ఇంకా నడుస్తూనే ఉంది, ఎటు తేలుతుందో ఎవరూ చెప్పలేకపోతున్నారు.

అందరూ మెచ్చుకున్నారనుకుంటే పొరపాటు. చుట్టుపక్కల వాళ్ళు మాట్లాడటం మానేశారు. ఇంటి ఓనరు మర్యాదగా ఖాళీ చేయమన్నాడు. రెండు గదుల నుంచి ఒక గదికి మారారు. ఫినాయిలక్క ఒక ఆఫీసు మేడలో నేలలు తుడవడానికి కుదురుకుంది. పిచ్చుక అట్టపెట్టెలు అంటించే చోట చేరింది. ఇప్పటికీ కొన్ని రోజులు అన్నం ముందు అలాగే కూర్చుండిపోతుంది. తల్లి పీట లాక్కుని ఎదురుగా కూర్చుని, అది నాలుగు ముద్దలు తినేదాకా లేవదు. పడుకునేటప్పుడు గది తలుపుకి లోపల్నుంచి గడియ వేయనివ్వదు.

ఒక ఆదివారం మధ్యాహ్నం ఆ తలుపు దగ్గర అద్దాలాయన నిలబడి ఉన్నాడు. కోర్టు వరండాలో తప్ప ఆయన్ని దగ్గర్నుంచి చూసి ఏడాది దాటింది. బాగా చిక్కిపోయాడు. ఫినాయిలక్క లేచి, "రా బాబూ" అంది.

ఆయన లోపలికి రాలేదు. గుమ్మంలోనే నిలబడి, "కేసు సంగతి కాదు" అన్నాడు. "వకీలుకి తెలిస్తే తిడతాడు, వెళ్ళొద్దన్నాడు. ఒక్కటి అడిగి పోతాను. ఆ రోజు మధ్యాహ్నం నేను అన్నం తెద్దామని బయటికి పోయాను. వచ్చేసరికి అయిపోయింది. ఆ అరగంటా దగ్గరున్నది ఈ అమ్మాయే. మా ఆవిడ ఏమన్నా మాట్లాడిందా?"

పిచ్చుక గోడ పట్టుకుని లేచి నిలబడింది. "మాట్లాడారు" అంది. "దాహంగా ఉందంటే నీళ్ళు తాగించాను. బయట ఎండగా ఉందా అని అడిగారు. ఉందన్నాను. మా ఆయన గొడుగు తీసుకెళ్ళడు, ఎన్నిసార్లు చెప్పినా వినడు అన్నారు. నవ్వారు కూడా. తర్వాత నేను సూది దగ్గరికి వస్తే, నీ చెయ్యి తేలికమ్మా, రాత్రి డ్యూటీ ఆవిడ చాలా నొప్పి పెట్టింది అన్నారు."

ఆయన గుమ్మం చెక్క పట్టుకున్నాడు.

"గొడుగు గురించి అందా?"

"అన్నారు."

"మళ్ళీ చెప్పు" అన్నాడు ఆయన, గుమ్మంలోనే గొంతుక్కూర్చుంటూ. "మొదట్నుంచీ చెప్పు. నీళ్ళు అడిగిందన్నావు కదా, అక్కణ్ణుంచి."

పిచ్చుక ఆయన ఎదురుగా కాస్త దూరంలో నేల మీద కూర్చుని మళ్ళీ మొదలుపెట్టింది. ఫినాయిలక్క నీళ్ళ గ్లాసు పట్టుకుని, ఇవ్వాలో వద్దో తెలియక, వాళ్ళిద్దరి మధ్యా నిలబడిపోయింది.